సెప్టెంబరు నక్క

రేక్యావిక్‌లో హెర్దిస్ బ్రున్‌ని నమ్మినవాళ్ళు ఇద్దరే ఇద్దరు. అందులో ఒకడు మంగళవారం పొద్దున హార్బర్‌లో, రెండు చేపల పడవల మధ్య, బోర్లా తేలాడు. మెడ వెనక చిన్న రంధ్రం. జేబులో పర్సు అలాగే ఉంది. చేతికి వాచీ అలాగే ఉంది. నోట్లో మాత్రం ఎవరో పిడికెడు నక్కబొచ్చు కుక్కి పోయారు.

రెండోవాడు మేజర్ ఫ్లోద్. జర్మన్లు నార్వేని మింగేసి మూడేళ్ళు దాటింది. మింగుడుపడని నార్వేవాళ్ళు కొందరు ఐస్‌లాండ్‌కి వచ్చి, ఉప్పుచేపల గోడౌన్ మీద ఒక గది అద్దెకు తీసుకుని, అక్కణ్ణించి గూఢచారి శాఖ నడుపుతున్నారు. ఆ శాఖకి పెద్ద ఫ్లోద్. గది నిండా చేపల వాసన. రహస్యంగా వచ్చిపోయే ఏజెంట్లందరినీ ఊళ్ళో పిల్లులు గుర్తుపట్టి వెంటపడేవి.

"కూర్చో ఆడ్వార్. యాన్ మాయెన్ దీవిలో ఎన్ని చలికాలాలు గడిపావ్?"

"రెండండీ. బుద్ధొచ్చాక మళ్ళీ పోలేదు."

"ఆ బుద్ధి కొన్నాళ్ళు పక్కన పెట్టు. ఎల్లుండి పోతున్నావ్."

ఆడ్వార్ నెస్ కుర్చీ లాక్కున్నాడు. యుద్ధానికి ముందు అతను ట్రోమ్సోలో నక్కల వేటగాడు. ఇప్పుడు చేసేది కూడా ఇంచుమించు అదే పని, కాకపోతే బొచ్చుకి ధర పలకదు.

మేజర్ గోడమీది మ్యాపుకేసి పైపు ఊపాడు. గ్రీన్‌లాండ్‌కీ నార్వేకీ మధ్య, గరిటె ఆకారంలో ఒక దీవి. గరిటె గుండ్రటి చోట మంచు కప్పుకున్న అగ్నిపర్వతం. కాడ పొడుగునా నల్లటి ఇసుక, నాచు పట్టిన లావా. ఓడ ఆనుకునే గట్టు లేదు, చెట్టు లేదు, ఏడాదిలో సగం రోజులు పొగమంచు. మూడు వందల ఏళ్ళ కిందట తిమింగలాల వెంటపడి వచ్చిన ప్రతి ఓడ కెప్టెనూ ఆ మంచులో దాన్ని గుద్దుకున్నంత పని చేసి, నేనే ముందు చూశానని ఒక పేరు పెట్టిపోయాడు. ఇంగ్లీషువాళ్ళది ఒక పేరు, డచ్చివాళ్ళవి అరడజను. పొగమంచులో ప్రతివాడూ కొలంబసే. చివరికి ఒక డచ్చి కెప్టెన్ పేరు నిలిచింది. తిమింగలాల నూనె కాచే పొయ్యిలకు కాపలాగా డచ్చివాళ్ళు ఏడుగుర్ని చలికాలమంతా అక్కడ వదిలిపెట్టారు. వసంతంలో ఓడలు తిరిగొచ్చేసరికి ఏడుగురూ పక్కల్లోనే చచ్చి ఉన్నారు. అంత గొప్ప దీవి అది.

"తుఫానులు అక్కడ పుట్టి ఇటొస్తాయి," అన్నాడు మేజర్. "అక్కడ మనవాళ్ళు వాతావరణం చూసి వైర్‌లెస్‌లో చెప్తేనే రష్యాకి సరుకు తీసుకెళ్ళే ఓడలు కదుల్తాయి. జర్మన్లు ఆ స్టేషన్ పట్టుకోవాలని చూస్తున్నారు. పేల్చెయ్యడానికి కాదు. మనవాళ్ళని చంపి, మన కోడ్‌లో, మన పేరుతో, తప్పుడు వాతావరణం పంపడానికి."

"తుఫాను వస్తుంటే ఆకాశం నిర్మలం అని."

"అంతే. ఓడలు తుఫానులో చెల్లాచెదురవుతాయి. సబ్‌మెరీన్లు కాచుకుని ఉంటాయి. వేలమంది పోతారు." మేజర్ పైపు ఆరిపోయింది. మళ్ళీ వెలిగించలేదు. "దీవిలో వాళ్ళ మనిషి ఒకడున్నాడు. కోడ్ నేమ్ నీలినక్క. వాణ్ణి కనిపెట్టు. కాల్చెయ్."

"పట్టి తేవద్దా?"

"తెస్తే కోర్టు. కోర్టంటే పదిమంది నోళ్ళు. ఊళ్ళో వాళ్ళ ముఠా ఉందని హార్బర్‌లో మనవాడి శవం, నోట్లో నక్కబొచ్చు చెప్పట్లా? కాల్చెయ్, అంతే. నువ్వు కొత్త వంటవాడిగా వెళ్తున్నావ్. పాత వంటవాడికి కడుపులో పుండు."

"వాడి వంటకేనా?"

మేజర్ నవ్వలేదు. "మిగతాది హెర్దిస్ చెప్తుంది."

హెర్దిస్ హోటల్ టీ గదిలో కిటికీ పక్కన కూర్చుని ఉంది. ఎర్రటి పెదాలు, బూడిదనీలం నక్కబొచ్చు కోటు. ఆ గదిలో మగవాళ్ళంతా పేపర్లు తలకిందులుగా పట్టుకుని చదువుతున్నారు. ట్రోమ్సోలో బొచ్చు వ్యాపారం చేసే బ్రున్ గారి కూతురు ఆమె. జర్మన్లు తమ మనిషే అనుకునేవారు. ఫ్లోద్ తన మనిషే అనుకునేవాడు.

ఆడ్వార్ కూర్చోకుండానే కోటు చెయ్యి పట్టి చూశాడు.

"ఈ నక్కని తొందరపడి పట్టారు. నవంబరు దాకా ఆగాల్సింది. చూడు, బొచ్చు ఎలా రాలుతోందో."

"అందరూ నన్ను చూస్తారు. నువ్వు కోటు చూశావ్," అంది హెర్దిస్. "మా నాన్న ఉంటే నీకు ఉద్యోగం ఇచ్చేవాడు."

"ముందో మాట చెప్పు. నువ్వు ఎవరి మనిషివి?"

"పగలు వాళ్ళ మనిషిని. సాయంత్రం మీ మనిషిని. ఆదివారం చర్చికి పోతాను." ఆమె గొంతు తగ్గింది. "ఒక నీటి విమానం, నిండా కమాండోలు. దీవిలో మంచు విడిచిన రోజు చూసి నీలినక్క వైర్‌లెస్‌లో కబురు పెడతాడు. కోడ్, 'ఏడుగురూ నిద్రపోతున్నారు.' మర్నాడు తెల్లారగానే మడుగులో దిగుతారు. ఇదిగో, వాళ్ళ మ్యాపు కాపీ తెచ్చాను."

సంచీలోంచి ఆమె తీయబోయిన కాగితాన్ని ఆడ్వార్ చేత్తో ఆపేశాడు.

"మడుగెక్కడుందో తెలియడానికి నాకు మ్యాపు కావాలా తల్లీ? రెండేళ్ళు ఆ మడుగులో చేపలే తిన్నవాణ్ణి."

"ఒకసారి చూస్తే నీ సొమ్మేం పోయింది?"

"అక్కర్లేదు."

"సరే నీ ఇష్టం," అని ఆమె కాగితం సంచీలోకి తోసేసింది. ఆడ్వార్ చేసిన తప్పు అదే. ఆ దీవిలో చలికాలం గడిపిన ఏ వేటగాడైనా అదే చేసేవాడు.

*

పడవ అలల మీంచి ఎగిరి నల్ల ఇసుకలో పడింది. ఒడ్డున నడుములోతు నీళ్ళలో నిలబడి పడవ ముక్కు పట్టుకున్న మనిషిని చూడగానే ఆడ్వార్ పడవలోంచి నీళ్ళలోకి దూకాడు. తెల్లగడ్డం, విరిగిన ముందు పన్ను. సివర్ట్ రోనింగ్. రెండు చలికాలాలూ ఒకే గుడిసెలో, ఒకే కుండలో తిన్న వేట జతగాడు.

"ఒరేయ్ ఆడ్వార్! నువ్వు వంటవాడివేంట్రా? నీ చేతి జావ తినే కదా మన కుక్క పారిపోయింది!"

"నువ్వింకా చావలేదా అన్నా?"

"నీ వంట తినకుండా ఎలా చస్తాను?"

సివర్ట్ అతన్ని తడిబట్టలతోనే కావిలించుకున్నాడు. ఒకసారి మంచుతుఫానులో ఆడ్వార్ కాలు విరిగి పడిపోతే, ఈ మనిషే అతన్ని బండిమీద కట్టుకుని, కుక్కతో పాటు తానూ తాడు భుజాన వేసుకుని, దీవి నడుం పొడుగునా లాక్కొచ్చాడు. ఆ కాలు ఇప్పటికీ చలికి సలుపుతుంది. సలిపినప్పుడల్లా ఆడ్వార్ ఇతన్ని తలుచుకుంటాడు.

స్టేషన్‌లో ఇరవైమంది లోపు. పెద్దవాడు లెఫ్టినెంట్ త్వెతర్, ఇంకా మీసం సరిగ్గా రాని కుర్రాడు. ఆడ్వార్ ఎవరో అతనికి కూడా తెలియదు. ఆడ్వార్ గంజి కాచాడు, ఉప్పుమాంసం ఉడకబెట్టాడు, అందరి తిట్లూ తిన్నాడు. "ఈ కాఫీ తాగడం కంటే జర్మన్లకి లొంగిపోవడం మేలు," అన్నాడొకడు. అతని పెద్ద కాఫీ కెటిల్‌కి రెండు అడుగులున్నాయి. పైదాంట్లో కాఫీ, కిందిదాంట్లో డైరెక్షన్ ఫైండర్. ఎవరైనా దొంగతనంగా వైర్‌లెస్ పంపితే, మూత మీది గుండీ తిప్పగానే లోపలి ముల్లు అటు తిరుగుతుంది. కాఫీ రుచి చెడడానికి అసలు కారణం అదే, కానీ చెప్పుకోలేడు కదా.

ఒకరోజు సాయంత్రం ముల్లు కదిలింది. వాల్రస్ రేవు వైపు. ఏడుగురు డచ్చివాళ్ళని పాతిపెట్టిన దిబ్బ ఉన్నదీ, వేటగాళ్ళ పాత గుడిసె ఉన్నదీ అక్కడే. తెల్లారాక అటు ఎవరెవరు పోతారో కనిపెట్టాలి అనుకున్నాడు.

మర్నాడు చేపల చారు కలుపుతుంటే సివర్ట్ తలుపు దగ్గర నిలబడి బూట్లు బిగించుకుంటున్నాడు.

"ఎక్కడికన్నా?"

"వాల్రస్ రేవుకి. నక్కల బోనులు పెట్టుకొస్తా."

"సరే. చీకటిపడేలోగా వచ్చెయ్. చారు చల్లారిపోద్ది."

తలుపు మూసుకుంది. ఆడ్వార్ చేతిలో గరిటె ఆగిపోయింది. సెప్టెంబరులో నక్కల బోనులా? వేసవి బొచ్చు ఊడి కొత్తది ఇంకా మొలుస్తూ ఉంటుంది ఇప్పుడు. చేత్తో నిమిరితే రాలిపోతుంది. నవంబరు దాకా బోను ముట్టుకుంటే చెయ్యి విరగ్గొడతానని తనని బెదిరించింది ఈ సివర్టే. ముఖం మీద అబద్ధమాడటం చేతకాని మనిషి, ఏదో ఒకటి చెప్పాలని నోటికొచ్చింది చెప్పేశాడు. ఇంకెవరన్నా అయితే అనుమానం వచ్చేది కాదు. చారు మాడింది. ఆడ్వార్‌కి ఏడుపొచ్చింది, ఏడవలేదు. రొట్టెల డబ్బా అడుగునుంచి పిస్తోలు తీసుకుని బయల్దేరాడు.

గుడిసె గోడలు సైబీరియా నదుల్లోంచి కొట్టుకొచ్చిన దుంగలతో కట్టినవి. తలుపు సందులోంచి చూస్తే సివర్ట్ చెవులకి హెడ్‌ఫోన్లు, ముందు చిన్న వైర్‌లెస్ సెట్టు. వేలు టకటకమని కొడుతోంది. ఆడ్వార్ తలుపు తోసేసరికి ఆ వేలు ఆగింది. పంపాల్సింది అప్పటికే పంపేశాడు.

"ఏరా, వంటవాడికి ఇక్కడేం పని?"

"సెప్టెంబరులో నక్కల్ని పడతావా అన్నా?"

సివర్ట్ ఒక్క క్షణం అర్థంకానట్టు చూసి, తర్వాత పకపకా నవ్వాడు. "అయ్యో! నిజమేరా! అంత పని చేసి ఈ చిన్న ముక్క దగ్గర దొరికిపోయానా! వంటవాడు కాదు, పోలీసువన్నమాట."

"ఏం పంపావ్?"

"ఏడుగురూ నిద్రపోతున్నారని." నవ్వు పోయింది. "రేపు ఆకాశం విడుస్తుంది. తెల్లారగానే వస్తారు."

"ఎందుకన్నా? ఎందుకు?"

సివర్ట్ చొక్కాలోంచి ఒక గుడ్డమూట తీసి బల్లమీద విప్పాడు. కోసిన జడ. పసుపు రంగు జుట్టు, చివర నీలం రిబ్బన్.

"మా అమ్మాయి ఓస్తాది. రేక్యావిక్ నుంచి వచ్చిన సిగరెట్ల పార్సెల్లో పెట్టి పంపారు. తల్లీకూతుళ్ళిద్దరూ ట్రోమ్సో జైల్లో ఉన్నార్రా. చెప్పినట్టు చెయ్యకపోతే ఈసారి జడ ఒక్కటే రాదని చీటీ."

ఆడ్వార్ ఆ పిల్లని చంకన ఎత్తుకుని తిప్పినవాడు. పిస్తోలు కిందికి దించాడు.

"ఎక్కడికి రమ్మన్నావ్?"

సివర్ట్ కిటికీలోంచి బయటికి చూశాడు. "మడుగుకి."

"మెషీన్ గన్లు పెడతాను. అక్కడే లేపేస్తాను వాళ్ళని."

"పెట్టు. అందర్నీ తీసుకుపో. స్టేషన్‌లో ఒక్కణ్ణీ ఉంచకు." సివర్ట్ గొంతు మామూలుగా ఉంది. "నన్ను కాల్చాలనే కదా నిన్ను పంపారు? కాల్చుకో. కానీ ఒక్క మాట. రిపోర్టులో నన్ను ద్రోహి అనే రాయి. చివర్లో మనసు మారింది, మంచోడు, లాంటి సొల్లు ఒక్క ముక్క రాశావో, అది వాళ్ళ చెవిన పడుతుంది. అక్కడ ఇద్దరు ఆడోళ్ళు చస్తారు. ఏం జరిగినా సరే. ఏం చూసినా సరే. ద్రోహి. ఒట్టెయ్."

"ఒట్టు," అన్నాడు ఆడ్వార్. సిగ్గుతో అడుగుతున్నాడనుకున్నాడు.

కాల్చలేకపోయాడు. చేపల వల తాడుతో కుర్చీకి కట్టేశాడు. ముళ్ళు వెయ్యడం అతనికి నేర్పిందే సివర్ట్. సివర్ట్ విప్పలేని ముడి ఈ లోకంలో లేదు. అది తెలిసీ కట్టాడా, తెలియక కట్టాడా? తర్వాత ఎన్నిసార్లు అడుక్కున్నా ఆడ్వార్‌కి జవాబు దొరకలేదు.

*

వంటవాడు ఎవరో విన్నాక లెఫ్టినెంట్ త్వెతర్ ముఖం పాలిపోయింది. "అంటే ఇన్నాళ్ళూ ఆ కాఫీ..." అని ఆగిపోయాడు. తర్వాత కుర్రాడు చకచకా కదిలాడు. చీకట్లోనే మెషీన్ గన్లు మోసుకుని అందరూ మడుగు గట్టుకి చేరారు. అగ్నిపర్వతం కింద, లోతైన మంచినీళ్ళ మడుగు. వేటగాళ్ళు మడుగు అంటే ఇదే. చలికాలంలో మంచుకి బొక్కపెట్టి చేపలు పట్టేది ఇక్కడే. ఇంకో పేరు, ఇంకో గుర్తు ఎవరికీ అక్కర్లేదు.

తెల్లారింది. సివర్ట్ చెప్పినట్టే మంచు విడిచింది. ఇంజన్ల మోత ముందు సముద్రం మీంచి, తర్వాత తలల మీంచి వినబడింది. నాలుగు ఇంజన్ల పెద్ద నీటి విమానం. మెషీన్ గన్ దగ్గరున్న సిపాయి ట్రిగ్గర్ మీద వేలు పెట్టాడు.

విమానం మడుగు మీంచి ఆగకుండా దాటిపోయింది. దక్షిణానికి.

"ఎటు పోతున్నార్రా వీళ్ళు?" అన్నాడు త్వెతర్. "అటు ఏముంది?"

ఆడ్వార్‌కి హెర్దిస్ చెయ్యి గుర్తొచ్చింది. సంచీలోంచి సగం బయటికొచ్చిన కాగితం. తను వద్దని తోసిన కాగితం. ఆ మ్యాపులో నీలం మచ్చ ఒకటి కాదు, రెండు ఉండి ఉంటాయి. వెనకెప్పుడో ఎవరో సర్వే దొరలు దీవికి వచ్చి దక్షిణాన కూడా ఒక మడుగు, దీనికంటే పెద్దది, గీశారని అప్పట్లో విన్నాడు. వేటగాళ్ళు దాన్ని మడుగని ఎన్నడూ అనలేదు. వాళ్ళకది నల్లబయలు. తాను కాపలా కాస్తున్నది తప్పు మడుగు. స్టేషన్‌లో ఒక్కడు లేడు. ఒక్కణ్ణీ ఉంచకు అన్నాడు సివర్ట్. అంటే ఆఖరికి తనని కూడా అమ్మేశాడు.

"మోసపోయాం! దక్షిణానికి పరిగెత్తండి!" అని అరిచి, గన్లు మోస్తున్నవాళ్ళని వదిలేసి, ఆడ్వార్ సలిపే కాలితోనే గట్టు మీదికి పరిగెత్తాడు. ఊపిరి తిత్తుల్లో మంటలా ఉంది. వేలమంది ఓడల మీద ఉన్నారు. తను ఒక ముసలాణ్ణి కాల్చలేకపోయినందుకు వాళ్ళంతా పోబోతున్నారు.

గట్టెక్కి కిందికి చూశాడు.

నల్లబయలు మీద నేలబారు మంచు పల్చగా పరుచుకుని ఉంది. రాత్రి చెమ్మకి నల్ల ఇసుక నిగనిగలాడుతోంది. దాని నడిమధ్య ఒక పడవ. పడవలో సివర్ట్ కూర్చుని తెడ్లు వేస్తున్నాడు.

ఆడ్వార్ కళ్ళు నులుముకున్నాడు. సివర్ట్ పడవ నడుపుతున్నాడు. తెడ్లు లేపుతున్నాడు, ముందుకి వంగుతున్నాడు, వెనక్కి లాగుతున్నాడు. పడవ మాత్రం ఉన్నచోటే ఉంది. అప్పుడతనికి తట్టింది. ఈ బయల్లో నీళ్ళుండేది మంచు కరిగే జూన్ నెలలో. ఆగస్టుకల్లా ఇసుక అంతా తాగేస్తుంది. సర్వే దొరలు వచ్చింది జూన్‌లో. నీళ్ళు చూశారు, నీలం రంగు పూశారు, పోయారు. సెప్టెంబరులో ఇక్కడ పిట్ట ముక్కు తడవదు. ఒడ్డునుంచి పడవని ఒక్కడే దుంగల మీద దొర్లించి, ఇంతదూరం తెచ్చి, ఎండిన ఇసుకలో కూర్చుని, ఆకాశంలో వాళ్ళకి నీళ్ళు చూపిస్తున్నాడు ముసలాడు.

విమానం ఒక చుట్టు తిరిగింది. సివర్ట్ తెడ్డు వదిలి టోపీ తీసి ఊపాడు. రండి రండి అని చుట్టాల్ని పిలిచినట్టు.

"అన్నా! దిగు! పారిపో!" ఆడ్వార్ అరుపు గాలిలో కలిసిపోయింది.

పడవ వదిలి పరిగెత్తే మనిషి కనబడితే, అతని పాదాల కింద నేల కూడా కనబడుతుంది. సివర్ట్‌కి అది తెలుసు. అందుకే కదల్లేదు. విమానం పొట్ట కిందికి, ఇంకా కిందికి దిగింది. ఆఖరి క్షణంలో పైలెట్‌కి తెలిసినట్టుంది, ముక్కు పైకి లేవబోయింది. ఇసుక పట్టుకుంది. రెక్క విరిగింది, విమానం పిల్లిమొగ్గ వేసి, పడవ మీంచి దొర్లుకుంటూ పోయి, భగ్గుమంది. ఆ మంటలోంచి ఒక్కడూ బయటికి రాలేదు.

ఆడ్వార్ అక్కడికి చేరేసరికి సివర్ట్ చేతిలో ఒక తెడ్డు అలాగే ఉంది. ముఖం బాగానే ఉంది. విరిగిన పన్ను కనబడుతోంది. పక్కన మోకాళ్ళ మీద కూలబడి, ఇందాక గట్టు ఎక్కుతూ తిట్టిన తిట్లన్నీ వెనక్కి తీసుకోవాలని చూశాడు. అవి వెనక్కి రావు. ద్రోహి అని ఎందుకు ఒట్టు వేయించుకున్నాడో ఇప్పుడు తెలిసింది. మనవాళ్ళ ప్రాణాలు కాపాడటానికి జర్మన్లని చంపాలి. ఇంట్లో ఇద్దర్నీ కాపాడుకోవడానికి జర్మన్ల మనిషిగానే చావాలి. మనవాడు ఒక్కడు కంటబడినా విమానం దిగదు, అందుకే అందర్నీ అవతలి మడుగుకి తోలి, రెండూ ఒకే పడవలో కుదుర్చుకున్నాడు.

దూరంగా త్వెతర్ మనుషులు గట్టు దిగుతున్నారు. ఆడ్వార్ లేచాడు. పడవ చెక్కలన్నీ ఏరి మంటల్లో వేశాడు. చివరి తెడ్డు వేళ్ళలోంచి విడిపించి అదీ వేశాడు. సివర్ట్ చొక్కాలోంచి జడ ఉన్న గుడ్డమూట మాత్రం తీసి తన చొక్కాలో దాచుకున్నాడు.

"ద్రోహి వెధవ! దిగడానికి దారి చూపబోయి తనే చచ్చాడు," అన్నాడు త్వెతర్ రొప్పుతూ. సివర్ట్ మీద ఉమ్మేశాడు. మిగతావాళ్ళూ ఉమ్మారు. ఆడ్వార్ వంతు వచ్చింది. అందరూ చూస్తున్నారు. ఉమ్మాడు.

"లెఫ్టినెంట్, మీ రిపోర్టులో ఇలా రాయండి," అన్నాడు నోరు తుడుచుకుని. "మడుగులో దిగుతున్న విమానాన్ని మీ మెషీన్ గన్లు కూల్చాయి. నీలినక్క దాంతో పాటే పోయాడు. ఎండిన బయలు ఊసు ఎవరూ ఎత్తకూడదు. ఇది లండన్‌లో ఉన్న మన ప్రభుత్వం ఆర్డర్ అనుకోండి."

కుర్రాడి కళ్ళు మెరిశాయి. పేల్చని తూటాకి పతకం వస్తుందంటే ఎవరు కాదంటారు?

సివర్ట్‌ని ఏడుగురు డచ్చివాళ్ళ దిబ్బ పక్కన పాతడానికి ఎవరూ ఒప్పుకోలేదు. దూరంగా, లావా గుట్టల్లో, పేరులేని దుంగ ఒకటి నిలబెట్టారు. ఆ పూట ఆడ్వార్ గంజి కాచాడు. ఉప్పు ఎక్కువైందని అందరూ తిట్టారు.

*

"నీలినక్కని కాల్చావా?" అన్నాడు మేజర్ ఫ్లోద్.

"కాల్చామండి, విమానంతో పాటే."

"శభాష్." మేజర్ కాగితం మీద ఏదో రాసుకున్నాడు. ఆడ్వార్ అటు చూడలేదు.

హెర్దిస్ అదే కిటికీ పక్కన, అదే కోటులో ఉంది. ఈసారి ఆమె అడగకుండానే మ్యాపు తీసి బల్లమీద పరిచింది. రెండు నీలం మచ్చలు.

"పైలెట్ ఆఖరి వైర్‌లెస్ వాళ్ళ దగ్గరుంది. 'నీళ్ళు ప్రశాంతంగా ఉన్నాయి. పడవలో మన మనిషి టోపీ ఊపుతున్నాడు. దిగుతున్నాం.' అంతే, తర్వాత ఏం లేదు. ఏమైందని నన్నడుగుతున్నారు. నీలినక్క మోసం చేశాడా అని కూడా." ఆమె వేలు కింది మచ్చ మీద ఆగింది. "సివర్ట్ రోనింగ్ బొచ్చు తెస్తే మా నాన్న లెక్కపెట్టకుండా కొనేవాడు. నువ్వేం చెప్తే అదే చెప్తాను. ఏ మడుగులో కూల్చారు?"

ఆడ్వార్ ఆమె ముఖంలోకి చూశాడు. పగలు వాళ్ళ మనిషి, సాయంత్రం తమ మనిషి. గడియారం చూస్తే పగటికీ సాయంత్రానికీ సరిగ్గా మధ్యలో ఉంది. రెండు ప్రాణాలు తన నాలుక మీద ఉన్నాయి.

"ఆ దీవిలో మడుగు ఒక్కటే," అన్నాడు. "దాన్నిండా నీళ్ళే. మెషీన్ గన్లతో కూల్చాం. మీ నీలినక్క పడవలోనే పోయాడు, విధి నిర్వహణలో."

హెర్దిస్ ఆ మాటల్నే పొల్లుపోకుండా ఒకసారి తిరిగి అప్పజెప్పింది. మ్యాపు మడత పెట్టి సంచీలో వేసుకుంది. అప్పుడు నమ్మాడు ఆడ్వార్, ఆమెని.

నవంబరులో ఆమె మళ్ళీ హోటల్‌కి రమ్మని కబురు పెట్టింది. తల్లీకూతుళ్ళని వదిలేశారు. జర్మన్లు సివర్ట్ భార్య బోర్గ్‌హిల్ రోనింగ్‌కి ఒక పతకం కూడా ఇచ్చారు. దాన్ని ఆమె కోళ్ళగూటి తలుపుకి గడియగా కొట్టిందట. ఇరుగుపొరుగు ఆమెని చూసి ఉమ్ముతున్నారట. ఓస్తాకి జుట్టు మళ్ళీ పెరుగుతోందట.

"యుద్ధం అయ్యాక వాళ్ళకి చెప్పాలి," అన్నాడు ఆడ్వార్. చొక్కాలో జడ గుచ్చుకుంటోంది.

"అప్పటిదాకా బతికుంటే ఇద్దరం కలిసి చెబుదాం." హెర్దిస్ కోటు బొత్తాలు పెట్టుకుంది. ఆడ్వార్ దాన్ని పరీక్షగా చూశాడు. ఈసారిది కొత్త కోటు, ఒక్క వెంట్రుక రాలడం లేదు. "అన్నట్టు, పైలెట్ నీళ్ళు చూశానన్నాడు కదా. వాళ్ళకిప్పుడు ఆ మ్యాపు మీద గురి ఇంకా కుదిరింది. మరో విమానం తయారుచేస్తారట. ఎప్పుడొస్తే బాగుంటుందని నన్ను సలహా అడిగారు. ఏం చెప్పమంటావ్?"

"సెప్టెంబరులోనే రమ్మను," అన్నాడు ఆడ్వార్.